పికప్‌కు పదిహేను నిమిషాలు అక్కర్లేదు

జనవరి నెలలో మినియాపోలిస్‌లోనో, ఫార్గోలోనో, సరిహద్దు దాటితే విన్నిపెగ్‌లోనో పొద్దున ఆరున్నరకి కిటికీ తెర పక్కకు లాగి చూస్తే వీధి పొడుగునా ఒకటే దృశ్యం. ఇంకా తెల్లారలేదు. డ్రైవ్‌వేలో మంచు కప్పుకుని ఒక పికప్ ట్రక్కు నిలబడి ఉంటుంది. దగ్గర్లో మనిషి లేడు. ఉన్నట్టుండి దాని దీపాలు రెండుసార్లు మిణుకుమంటాయి, స్టార్టర్ ఒకసారి మూలుగుతుంది, ఇంజిన్ అందుకుంటుంది. వెనక గొట్టంలోంచి తెల్లటి ఆవిరి చిక్కగా వచ్చి, పైకి లేవలేక చక్రాల చుట్టూనే తారాడుతూ ఉంటుంది. బండిగలాయన అప్పటికింకా వంటింట్లో కాఫీ కలుపుకుంటున్నాడు. ఆయన బయటికొచ్చేసరికి పది నిమిషాలు అవచ్చు, పదిహేను అవచ్చు. అడిగితే, ఇంజిన్ వేడెక్కాలి కదండీ అంటాడు. ఈ జవాబులో సగం అలవాటు, పావు పాతకాలపు జ్ఞానం, మిగిలిన పావే నిజం అని నా అభిప్రాయం. రిమోట్ స్టార్ట్ మంచి సాధనమే. కానీ అది పనికొచ్చేది మనిషికి, ముందు అద్దానికి. ఇంజిన్‌కు దానివల్ల ఒరిగేది చాలా తక్కువ, మోతాదు మించితే నష్టమే. ఈ తేడా పట్టుబడితే ఎన్ని నిమిషాలు నడపాలన్న ప్రశ్నకు జవాబు కూడా తేలిపోతుంది.

ముందు ఆ బటన్ ఏం చేస్తుందో చూద్దాం. ఫోర్డ్ ఎఫ్-150లో తాళం గుర్తున్న బటన్ ఒకసారి, వెంటనే స్టార్ట్ బటన్ రెండుసార్లు నొక్కాలి. చెవర్లే సిల్వరాడోలో తాళం బటన్ నొక్కాక స్టార్ట్ బటన్‌ను దీపాలు వెలిగేదాకా వత్తి పట్టుకోవాలి. రామ్ బండిలో ఒకే బటన్, ఐదు సెకన్లలోపు రెండుసార్లు. నొక్కినంత మాత్రాన ఇంజిన్ లేవదు. తలుపులన్నీ మూసి ఉండాలి, బానెట్ మూసి ఉండాలి, గేరు పార్కులో ఉండాలి, ఇంజిన్‌లో లోపం ఉందని చెప్పే దీపం వెలిగి ఉండకూడదు. ఇన్నీ కుదిరి లేచినా, సాధారణంగా పదిహేను నిమిషాలకు దానంతట అదే ఆగిపోతుంది. జీఎం, రామ్ బళ్లలో వరుసగా రెండుసార్లు మాత్రమే ఇలా లేపనిస్తుంది, మూడోసారి మనిషి స్వయంగా వచ్చి మామూలుగా స్టార్ట్ చేయాల్సిందే. 2004లో చెవర్లే మాలిబుతో జీఎం దీన్ని కంపెనీ అమరికగా తెచ్చిన తర్వాత ఇరవై ఏళ్లలో ఇది చాలా పికప్‌లకు పాకింది. ఈ నిబంధనలన్నీ కలిపి చదివితే తయారుచేసినవాళ్ల మనసు తెలుస్తుంది. మనిషి లేని చోట ఇంజిన్ తిరగడమంటే వాళ్లకు భయం. అందుకే ఇన్ని కట్టుబాట్లు పెట్టి చివరికి గడియారం కూడా పెట్టారు. పదిహేను నిమిషాలన్నది ఆ భయం గీసిన గీత, అంతకు మించి ఒక్క నిమిషం కూడా వద్దని. మనం మాత్రం దాన్ని డాక్టరు రాసిచ్చిన మోతాదులా పూర్తిగా వాడేస్తున్నాం. మందుసీసా మీద గడువు తేదీ ఉంది కదా అని ఆ తేదీ దాకా తాగుతామా?

ఇంజిన్‌ను వేడి చేసి కదలాలన్న నమ్మకం ఊరికే పుట్టలేదు. ఒకప్పుడు అది నూటికి నూరుపాళ్లు నిజం. మన ఇళ్లలో అంబాసిడర్ కారు, బజాజ్ చేతక్ స్కూటరు ఉన్న రోజులు గుర్తున్నవాళ్లకు దీన్ని విడమరచి చెప్పక్కర్లేదు. చలికాలం పొద్దున చోక్ లాగాలి, స్కూటర్ని పక్కకి వంచి నిలబెట్టాలి, నాలుగు కిక్కులు కొట్టాలి, అందుకున్నాక చోక్ మెల్లగా వెనక్కి నెట్టుతూ యాక్సిలరేటర్ పట్టుకుని కాసేపు అలాగే నిలబడాలి. తొందరపడి గేరు వేస్తే ఠక్కున ఆగిపోయేది. దానికి కారణం కార్బురేటర్. అది గాలి లాగినప్పుడు దాని వెంట పెట్రోలును తీసుకెళ్లే ఒక చిన్న గిన్నె, అంతే. బయట ఎంత చలిగా ఉందో, ఇంజిన్ ఎంత చల్లగా ఉందో దానికి తెలియదు. చల్లటి లోహానికి తగిలిన పెట్రోలు ఆవిరి కాకుండా బొట్లుబొట్లుగా అంటుకుంటుంది, మండాల్సినంత మండదు. కాబట్టి ఇంజిన్ వెచ్చబడేదాకా ఆగడం తప్ప గతి లేదు. 1990ల తొలి ఏళ్లకే అమెరికాలో కొత్త బళ్లలోంచి కార్బురేటర్ దాదాపు మాయమైంది. దాని స్థానంలో వచ్చిన ఫ్యూయల్ ఇంజెక్షన్‌కు గాలి చల్లదనం, ఇంజిన్ చల్లదనం రెండూ తెలుసు. ఎంత పెట్రోలు కొట్టాలో సెకనుకు ఎన్నోసార్లు లెక్కగట్టి కొడుతుంది. మన దేశంలో 2020లో పొగ మీద బీఎస్-6 నిబంధనలు వచ్చాక చాలా మోటార్‌సైకిళ్ల నుంచి కూడా చోక్ వెళ్లిపోయింది. యంత్రం మారింది గానీ నాన్న దగ్గర నేర్చుకున్న అలవాటు మారలేదు. అమెరికాలోనూ అదే కథ, అక్కడి తాతలు నేర్పిన పాఠాన్ని మనవలు రిమోట్ బటన్ మీద కొనసాగిస్తున్నారు.

ఇప్పటి ఇంజిన్ చలిలో లేచినప్పుడు లోపల జరిగేది కొంచెం దగ్గరగా చూడాలి, వాదనకు మూలం అక్కడుంది. చల్లటి సిలిండర్‌లో పెట్రోలు సరిగా ఆవిరి కాదు కాబట్టి కంప్యూటర్ మామూలు కంటే ఎక్కువ పెట్రోలు కొడుతుంది. కొట్టిందంతా కాలదు. కాలని పెట్రోలు సిలిండర్ గోడ మీద ఉండే పల్చటి ఆయిల్ పొరను కడిగేస్తుంది, కొంత పిస్టన్ రింగుల పక్కగా కిందికి జారి ఇంజినాయిల్‌లో కలుస్తుంది. ఇక నీళ్ల సంగతి. ఒక గ్యాలన్ పెట్రోలు కాలితే ఇంచుమించు ఒక గ్యాలన్ నీరు ఆవిరిగా పుడుతుంది. వేడెక్కిన బండిలో ఆ ఆవిరి గొట్టం దాటి పోతుంది. చల్లటి బండిలో కొంత లోపలే నీరై నిలిచిపోతుంది, కొంత ఆయిల్‌లోకి కూడా దిగుతుంది. ఈ రెండు బాధలూ తీరాలంటే ఆయిల్ బాగా వేడెక్కాలి. నిలబెట్టి తిప్పే ఇంజిన్ మీద బరువే లేదు. బరువు లేకపోతే కాలేది కొంచెం, పుట్టే వేడి ఇంకా కొంచెం. గాడి పొయ్యిలో రెండు పుల్లలు పెట్టి పెద్ద కాగులో నీళ్లు కాచినట్టు ఉంటుంది వ్యవహారం. బండిని నెమ్మదిగా రోడ్డు మీదికి తీసుకెళ్తే అదే వేడి ఎంతో త్వరగా వస్తుంది. ఇంజిన్ చల్లగా ఉన్న కాలమే దానికి అరుగుదల ఎక్కువ ఉండే కాలం. నిలబెట్టి తిప్పడమంటే ఆ కాలాన్ని మన చేత్తో మనం సాగదీయడం.

ఆయిల్ చలికి గడ్డకట్టినట్టు అవుతుంది కదా, అది కరిగి పైకి ఎక్కేదాకా ఆగొద్దా అని చాలామంది అడుగుతారు. న్యాయమైన ప్రశ్నే. అయితే ఇప్పుడు పికప్‌లలో పోసే జీరో-డబ్ల్యూ-ట్వంటీ, ఫైవ్-డబ్ల్యూ-థర్టీ రకాల ఆయిల్‌లో ఆ డబ్ల్యూ అక్షరం వింటర్ అనే మాటకు గుర్తు. దాని ముందున్న అంకె ఎంత చిన్నదైతే చలిలో ఆయిల్ అంత తేలిగ్గా పారుతుందని అర్థం. బండికి చెప్పిన రకం పోసి ఉంటే, ఇంజిన్ లేచిన కొన్ని సెకన్లకే పంపు దాన్ని పైదాకా తోస్తుంది. అందుకే అమెరికా ఇంధన శాఖ కూడా చలికాలంలో ముప్పై సెకన్లు ఆగి మెల్లగా బయల్దేరమనే చెబుతోంది, తయారీదారులు ఎక్కువమంది చెప్పేది అదేనని కూడా అంటోంది. మెల్లగా అన్న మాట ఇక్కడ ముఖ్యం. మొదటి నాలుగైదు మైళ్లు యాక్సిలరేటర్‌ను బలంగా తొక్కకూడదు, వెనక ట్రెయిలర్ ఉంటే ఇంకా జాగ్రత్త.

ఈ మాట కార్లకంటే పికప్‌లకు ఎక్కువ వర్తిస్తుందని నేననుకోవడానికి ఒక బలమైన కారణం ఉంది. పికప్ అంటే ఇంజిన్ ఒక్కటే కాదు. గేర్‌బాక్సులో వేరే ఆయిల్, ఫోర్ వీల్ డ్రైవ్ ఉంటే ట్రాన్స్‌ఫర్ కేసులో ఇంకో ఆయిల్, వెనక ఇరుసు మధ్యలో గుండ్రటి కుండలా కనిపించే డిఫరెన్షియల్‌లో తేనెలా చిక్కటి మరో ఆయిల్. చక్రాల బేరింగుల్లో గ్రీజు, షాక్ అబ్జార్బర్లలో నూనె, రాత్రంతా బరువు మోసి కిందివైపు చదునైపోయిన టైర్లు. నిలబెట్టి అరగంట ఇంజిన్ తిప్పినా వెనక ఇరుసులో ఆయిల్‌కు చలి వదలదు, అక్కడ ఒక్క పన్ను కూడా తిరగలేదు కాబట్టి. ఇవన్నీ వెచ్చబడే దారి ఒక్కటే, బండి కదలడం. పదిహేను నిమిషాలు నిలబెట్టి, ఉష్ణోగ్రత ముల్లు మధ్యకొచ్చింది, ఇక సిద్ధం అనుకుని హైవే ఎక్కి డెబ్భై మైళ్ల వేగం పట్టించే మనిషి, వెచ్చటి ఇంజిన్‌తో గడ్డకట్టిన ఇరుసులను తిప్పుతున్నాడు. ముప్పై సెకన్లకే బయల్దేరి మొదటి మైళ్లు నింపాదిగా నడిపిన మనిషి బండిలో అన్నీ కలిసి వెచ్చబడతాయి. ముల్లు చెప్పేది కూలెంట్ సంగతే గానీ బండి మొత్తం సంగతి కాదు.

డబ్బు లెక్క కూడా వేసి చూద్దాం. నిలబెట్టి తిప్పితే ఇంజిన్ సైజును బట్టి గంటకు పావు నుంచి అర గ్యాలన్ ఖర్చవుతుందని అదే ఇంధన శాఖ అంచనా. పెద్ద పికప్‌కు అర గ్యాలనే వేసుకుందాం. పొద్దున పావుగంట, సాయంత్రం ఆఫీసు దగ్గర పావుగంట, రోజుకు అరగంట. అంటే పావు గ్యాలన్. వారానికి ఐదు రోజులు, చలికాలం పదహారు వారాలు, మొత్తం 80 రోజులకు 20 గ్యాలన్లు. మన లెక్కలో సుమారు 75 లీటర్లు. ఒక గ్యాలన్ పెట్రోలు కాలితే దాదాపు 8.9 కిలోల కార్బన్ డయాక్సైడ్ వెలువడుతుంది, అంటే ఒక్క బండి నుంచి ఒక్క చలికాలంలో 178 కిలోలు, ఒక్క అడుగు కూడా కదలకుండా. అదే మనిషి పూటకు ఐదు నిమిషాలతో సరిపెట్టుకుంటే 20 గ్యాలన్లు ఏడుకు దిగుతాయి. ఆ పదమూడు గ్యాలన్లు పెద్ద మొత్తం కాదనేవాళ్లున్నారు. ఒక ఇంటికి కాకపోవచ్చు. కానీ చలిదేశంలో ఒక వీధిలో ఎన్ని డ్రైవ్‌వేలు ఉంటాయో, వాటిలో ఎన్ని పికప్‌లు ఉంటాయో చూసినవాళ్లకు ఆ మొత్తం చిన్నదిగా తోచదు.

ఇప్పుడు నా వాదనకు ఎదురుగా నిలిచే గట్టి అభ్యంతరం దగ్గరికి వస్తాను. అది అద్దం. రాత్రి గడ్డకట్టే వాన పడితే ముందు అద్దం మీద పేరుకునేది మెత్తటి మంచు కాదు, గాజుతో కలిసిపోయిన గాజులాంటి పొర. దాన్ని ప్లాస్టిక్ గీకుడుబద్దతో గీకితే బద్ద విరుగుతుంది గానీ పొర కదలదు. ఓపిక లేనివాళ్లు స్టీరింగ్ ముందు అరచేతి మేర గీకి, ఆ కంతలోంచి చూస్తూ బయల్దేరతారు. అంత ప్రమాదకరమైన పని ఇంకోటి లేదు, అడ్డంగా వచ్చే పిల్లవాడు ఆ కంతలో కనపడడు. ఇలాంటి పొద్దున రిమోట్ స్టార్ట్ చేసే మేలును నేను మనస్ఫూర్తిగా ఒప్పుకుంటాను. చలిని గుర్తించి అద్దాలకు వేడిగాలి, వెనక అద్దంలోని తీగలకు కరెంటు, సీటుకు, స్టీరింగ్‌కు వెచ్చదనం, ఇవన్నీ దానంతట అదే పెట్టే బళ్లు ఇప్పుడు ఎన్నో. అయితే ఇక్కడ కూడా సమయాన్ని నిర్ణయించేది అద్దమే. పొర పూర్తిగా కరిగి నీరై కారేదాకా ఆగక్కర్లేదు. అద్దాన్ని పట్టుకున్న అడుగు వదులైతే చాలు, పైన గీకితే పెంకులు పెంకులుగా ఊడివస్తుంది. ఎక్కువ రోజుల్లో దానికి మూడు నుంచి ఐదు నిమిషాలు, వాన గడ్డకట్టిన రోజున ఇంకొంచెం. కాఫీ మొదలుపెట్టేటప్పుడు కాకుండా బూట్లు తొడుక్కునేటప్పుడు బటన్ నొక్కాలి. ఇంజిన్ తిరుగుతున్నంతసేపూ బయటే ఉండి బండి పైకప్పు మీది మంచు, దీపాల మీది మంచు బ్రష్‌తో తుడిస్తే ఆ నిమిషాలు పనిలోనే పోతాయి. ఒక చిన్న జాగ్రత్త, ముందురోజు సాయంత్రం బండి ఆపేటప్పుడు వైపర్ల మీట ఆఫ్‌లో ఉందో లేదో చూడండి. గడ్డకట్టి అద్దానికి అతుక్కుపోయిన వైపర్‌ను మోటార్ లాగబోతే తెగేది రబ్బరు ఒక్కటే కాకపోవచ్చు.

రెండో అభ్యంతరం అసలు సిసలు చలిది. సున్నా ఫారెన్‌హీట్ అంటే మైనస్ 18 సెంటీగ్రేడ్. అది ఉత్తర డకోటాలో మామూలు జనవరి రాత్రి. మైనస్ 40 దగ్గర ఫారెన్‌హీట్, సెంటీగ్రేడ్ రెండూ ఒకటే అంకె అవుతాయి. అలాస్కాలోని ఫెయిర్‌బ్యాంక్స్‌కు ఆ అంకె కొత్త కాదు. అక్కడ ముప్పై సెకన్ల సలహా పనికిరాదని అంటారు, నిజమే. కానీ అక్కడ పనికొచ్చేది ఎక్కువసేపు ఇంజిన్ తిప్పడం కూడా కాదు. అక్కడివాళ్లు దశాబ్దాలుగా వాడుతున్నది బ్లాక్ హీటర్. ఇంజిన్ దిమ్మలో అమర్చే చిన్న కరెంటు హీటర్ అది, మన ఇళ్లలో బకెట్టులో పెట్టే వాటర్ హీటర్‌కు చుట్టం. ఉత్తర డకోటాలోని గ్రాండ్ ఫోర్క్స్‌కు చెందిన ఆండ్రూ ఫ్రీమన్ ఇలాంటి హీటర్‌కు 1949లో పేటెంట్ పొందాడు. చలి కరవకుండా బండి లేవాలన్న అవసరం ఆ నేల మీదే పుట్టింది, పరిష్కారమూ ఆ నేల మీదే పుట్టింది. ఆ ప్రాంతాల్లో పికప్ ముందు గ్రిల్ సందులోంచి ఒక ప్లగ్గు వేలాడుతూ కనిపిస్తుంది. ఫెయిర్‌బ్యాంక్స్‌లో ఆఫీసుల ముందు, బడుల ముందు చాలా పార్కింగ్ స్థలాల్లో బండి బండికీ కరెంటు సాకెట్ ఉంటుంది. బయల్దేరే ముందు రెండు మూడు గంటలు చాలు, ఒక టైమర్ పెడితే రాత్రంతా కరెంటు కాల్చే పని లేదు. ఇలా ముందే వెచ్చబడిన ఇంజిన్‌ను రిమోట్‌తో లేపితే అది మొదటి నిమిషంలోనే వెచ్చటి గాలి అందిస్తుంది, ఐదు నిమిషాలు దండిగా సరిపోతాయి.

చలిలో బ్యాటరీ సంగతి కూడా ఇక్కడే చెప్పాలి. సున్నా ఫారెన్‌హీట్‌లో మామూలు సీసపు బ్యాటరీ బలం సగానికంటే తగ్గిపోతుంది. అదే సమయంలో చిక్కబడ్డ ఆయిల్ వల్ల స్టార్టర్‌కు ఎక్కువ బలం కావాలి. రెండు వైపుల నుంచీ ఒకే బ్యాటరీని పిండుతున్నామన్నమాట. రిమోట్‌తో ఒకసారి లేపి, అది ఆగిపోయాక మళ్లీ లేపి, వెనక అద్దం తీగలు, సీట్లు అన్నీ వెచ్చబెట్టి, చివరికి రెండు మైళ్ల దూరంలోని ఆఫీసుకు వెళ్లే బండి రోజూ తీసుకున్నంత తిరిగి ఇవ్వదు. బ్యాటరీ చచ్చిపోయిన పొద్దున అందరూ చలిని తిడతారు, నెలరోజులుగా చేసిన అప్పు ఎవరికీ గుర్తుండదు.

డీజిల్ పికప్‌లు వాడేవాళ్లు ఇంకో మాట అంటారు. డీజిల్‌ను తిప్పుతూ ఉంచడమే దానికి ఆరోగ్యమని ఎప్పటినుంచో ఒక నమ్మకం. నిజానికి డీజిల్ విషయంలో నా వాదన ఇంకా గట్టిపడుతుంది. డీజిల్ ఇంజిన్ పొదుపరి, నిలబెట్టి తిప్పినప్పుడు పుట్టే వేడి పెట్రోలు ఇంజిన్ కంటే తక్కువ. గాలి మైనస్ ఇరవైల్లో ఉన్నప్పుడు కొన్ని బళ్లలో ముల్లు అసలు పైకే లేవదు, క్యాబిన్‌లోకి చల్లగాలే వస్తుంది. ఈలోగా సరిగా మండని డీజిల్ మసి గొట్టంలోని ఫిల్టర్‌లో పేరుకుంటుంది. ఆ మసి కాలిపోవాలంటే గొట్టం బాగా వేడెక్కాలి, అంత వేడి మామూలుగా హైవే మీద నడిచే బండికే వస్తుంది. సిలిండర్లను వెచ్చబెట్టే గ్లో ప్లగ్గులు ఎర్రబడేదాకా, కమిన్స్ కంపెనీ ఇంజిన్‌లో అయితే గాలిని వెచ్చబెట్టే గ్రిడ్ హీటర్ పని ముగిసేదాకా ఆగి రిమోట్ లేపుతుంది, అది దాని తెలివి. ఆ తర్వాత మనం చూపించాల్సిన తెలివి బండిని త్వరగా కదిలించడం, రాత్రి బ్లాక్ హీటర్ ప్లగ్గు పెట్టడం.

మన తెలుగువాళ్లు ఎక్కువగా ఉండే డాలస్, హ్యూస్టన్ వైపు వెళితే ప్రశ్న తిరగబడుతుంది. అక్కడ బటన్ నొక్కేది ఆగస్టు మధ్యాహ్నం ఏసీ కోసం. ఎండలో నిలిచిన బండిలో చేయి పెట్టలేని స్టీరింగ్, కాలే సీటు కొలిమి మీద పెట్టిన రేకులా తోస్తాయి. చంటిపిల్లలున్నవాళ్లకూ, ఊరి నుంచి వచ్చిన అమ్మానాన్నలను ఎక్కించుకునేవాళ్లకూ ఒకటి రెండు నిమిషాలు ముందుగా ఏసీ పెట్టడం తప్పు కాదు. కానీ నిలబడ్డ బండిలో కంప్రెసర్ బలంగా తిరగదు. బండి నడిచినప్పుడే ఏసీ త్వరగా చల్లబరుస్తుంది. ముందు తలుపులన్నీ ఒక్క నిమిషం బార్లా తెరిచి ఉడుకుగాలి పోనిచ్చి, అద్దాలు దించి కొంత దూరం నడిపి, ఆ తర్వాత ఏసీ వేస్తే పది నిమిషాల ఖర్చు మిగులుతుంది. దీనికంటే ముఖ్యమైన సంగతి ఒకటి గట్టిగా చెప్పదలిచాను. రిమోట్‌తో ఏసీ నడుస్తోంది కదా, దుకాణంలోకి వెళ్లి ఒక్క నిమిషంలో వస్తాననుకుని పిల్లలను లోపల వదలకండి. ఆ ఇంజిన్‌కు గడియారం ఉంది, గడువు కాగానే చెప్పకుండా ఆగిపోతుంది. మూసిన బండిలో వేడి పెరగడానికి పెద్ద ఎండ కూడా అక్కర్లేదు, పది ఇరవై నిమిషాలు చాలు.

ప్రాణాల మీదికొచ్చే ఇంకో చోటు గరాజ్. అమెరికాలో చాలా ఇళ్లలో గరాజ్ ఇంటికి ఆనుకునే ఉంటుంది, పైన పడకగది కూడా ఉండొచ్చు. షట్టర్ మూసి ఉండగా లోపలి బండిని రిమోట్‌తో లేపితే కార్బన్ మోనాక్సైడ్ తలుపు సందుల్లోంచి ఇంట్లోకి చేరుతుంది. దానికి రంగు లేదు, వాసన లేదు, తలనొప్పి వచ్చేసరికే ఆలస్యం అవచ్చు. తాళంచెవి తిప్పే పని లేని బళ్లు వచ్చాక, ఆపామనుకుని ఆపకుండా లోపలికి వెళ్లిపోయిన మనుషులు ఇలాగే చనిపోయారు. అందుకే 2021 నాటి మౌలిక సదుపాయాల చట్టంలో, అలా వదిలేసిన ఇంజిన్ తనంతట తాను ఆగిపోయేలా నిబంధన తేవాలని అమెరికా కాంగ్రెస్ రాసింది. షట్టర్ పూర్తిగా ఎత్తినా సరే, గరాజ్‌లో బండిని నిలబెట్టి తిప్పడం వద్దు, బయటికి తీశాకే ఇంజిన్ తిరగాలి. రాత్రి మంచు బాగా కురిసిన రోజున బటన్ నొక్కే ముందు వెనక గొట్టం మంచులో కూరుకుపోలేదని కళ్లతో చూడడం కూడా అంతే అవసరం. కిటికీలోంచి నొక్కే సౌకర్యం ఆ ఒక్క పూట వదులుకోవాలి.

మనిషి లేకుండా ఇంజిన్ తిప్పడాన్ని చట్టమే ఒప్పుకుంటోంది కదా అని కొందరంటారు. అవును, కొంతవరకు. డెన్వర్‌లో తాళంచెవి బండిలోనే వదిలి ఇంజిన్ తిప్పే బండిని పోలీసులు పఫర్ అంటారు, పొగ వదులుతూ దొంగను రమ్మని పిలిచేదని. కొలరాడో 2016లో, మిషిగన్ 2017లో తమ చట్టాలను సవరించి రిమోట్ స్టార్ట్‌కు మినహాయింపు ఇచ్చాయి. తాళంచెవి లేకుండా ఆ బండి గేరు పడదు కాబట్టి దొంగ ఎక్కినా తీసుకుపోలేడన్నది అందులో ఉన్న న్యాయం. అయితే ఆ మినహాయింపు దొంగతనానికి సంబంధించింది. పొగకు వేరే చట్టాలున్నాయి. టొరంటోలో నిలిచిన బండి ఇంజిన్‌ను గంటలో ఒక్క నిమిషానికి మించి తిప్పకూడదు. మినియాపోలిస్‌లో చాలా బళ్లకు గంటలో మూడు నిమిషాలే హద్దు. ఇవి ఊరికే పెట్టిన అంకెలు కావు. గొట్టంలో ఉండే క్యాటలిటిక్ కన్వర్టర్ వందల డిగ్రీలు వేడెక్కితేగానీ పని మొదలుపెట్టదు, అంతదాకా వచ్చే పొగ దాదాపు శుద్ధి కాని పొగ. చల్లటి పొద్దున గాలి కదలదు, ఆ పొగ నేలను పట్టుకునే ఉంటుంది.

నా పెట్రోలు, నా డబ్బు, మధ్యలో మీకేం నొప్పి అని అడిగేవాళ్లకు నా జవాబు అపార్ట్‌మెంట్ పార్కింగ్‌లో ఉంది. కొత్తగా వచ్చిన మన కుటుంబాలు ఎక్కువగా ఉండేది అలాంటి చోట్లే. కొన్ని బళ్లు భవనానికి ముఖం పెట్టి కాకుండా వెనక్కి తిప్పి నిలిపి ఉంటాయి, వాటి గొట్టాలు సరిగ్గా కింది అంతస్తు కిటికీల వైపు. లోపల ఉబ్బసం ఉన్న పిల్లవాడు ఉండొచ్చు, రాత్రి షిఫ్టు చేసి అప్పుడే నిద్రపట్టిన మనిషి ఉండొచ్చు. ఐదు నిమిషాలు ఎవరైనా సర్దుకుంటారు. పదిహేను నిమిషాలు వరుసగా నాలుగు బళ్లు తిరిగితే అది ఆ కిటికీ అవతలివాళ్లకు గంట.

ఆ పదిహేను ఎవరూ రాతి మీద చెక్కింది కాదు. ఎఫ్-150లో స్టీరింగ్ పక్క తెర మీద బండి సెట్టింగుల్లోకి వెళితే రిమోట్ స్టార్ట్ అనే వరుస కనిపిస్తుంది, దాని కింద వ్యవధి, ఐదు, పది, పదిహేను. ఈ రాత్రి బండి ఆపేటప్పుడు ఒక్కసారి వేలు పెట్టి ఐదు మీదికి మార్చి చూడండి. రేపు పొద్దున బూట్ల లేసులు కట్టుకుని, చేతిలో బ్రష్ పట్టుకుని బయటికి వెళ్లేసరికి, ముందు అద్దం కింది అంచున వైపర్లు పడుకునే చోట మంచు పొర గాజును వదిలి సన్నటి నీటిచార కనిపిస్తూ ఉంటుంది.